మెలి తిరిగిన బూజు

స్టవ్ మీద సూదులు ఉడుకుతున్నాయి. సదయ్య పట్టుకారుతో ఒక్కొక్కటే తీసి, వెలుతురుకెత్తి మొన చూసి, గుడ్డ మీద వరసగా పెడుతున్నాడు. ఎనిమిదింట్లో మూడు వంగాయి. వాటిని సానరాయి మీద నూరి మళ్లీ వాడాలి. నూరిన సూది దిగేటప్పుడు తోలు చిరిగినట్టు వేళ్లకు తెలుస్తుంది. పదహారేళ్లుగా తెలుస్తూనే ఉంది, అయినా అలవాటు కాలేదు.

బొగ్గుబాయి పక్కన ఆ రేకుల దవాఖానకు రెండే గదులు. ముందు గదిలో డాక్టరు బల్ల, వెనక గదిలో సదయ్య. వెనక గదికి ఒక వాసనుంది. ఫినాయిలు, చీము పట్టిన కట్లు, చెమట, రాత్రి కల్లు తాగి పొద్దున కక్కుకున్నవాళ్ల కంపు, అన్నీ కలిసిన వాసన. మూలన కఫం డబ్బాలు. బొగ్గుపొడి కలిసి నల్లగా, తీగలు సాగే కఫం. పొద్దున రాగానే వాటిని పారబోసి కడగడం అతని మొదటి పని. స్వీపరుగా చేరిననాడు కడిగాడు, కట్లు కట్టే డ్రెస్సరయ్యాక కూడా కడుగుతూనే ఉన్నాడు. కొత్త స్వీపరును పంపిస్తామని పైవాళ్లు మూడేళ్లుగా అంటున్నారు. పంపిస్తారు, వాళ్ల తలకాయ!

సన్నటి మనిషి, నలభై అయిదు దాటాయి. ఫినాయిలు నీళ్లలో నాని నాని వేళ్ల సందులు తెల్లగా పగిలిపోయాయి. గోళ్లు మాంసం దాకా కత్తిరించుకుంటాడు. ఇంటికి పోతే భార్య మల్లక్క వాకిట్లోనే నీళ్ల గోళెం చూపిస్తుంది, తానం చెయ్యనిదే గడప తొక్కనివ్వదు. ఎంత రుద్దుకున్నా ముద్ద నోటి దాకా వచ్చేసరికి వాసన కూడా వస్తుంది. పెరుగు తినడం మానేసి పదేళ్లయింది. ఎందుకని ఒకసారి మల్లక్క అడిగితే, పుండు కట్టు విప్పినప్పుడు ఏం కనిపిస్తుందో చెప్పాడు. ఆ తర్వాత ఆమె కూడా మానేసింది.

ఒక్క సంగతిలో మాత్రం సదయ్యకు గర్వముంది. నైజాం జమానాలో ఉర్దూలో నాలుగో తరగతి చదివినవాడికి ఇంగ్లీషు అక్షరాలు ఎవరు నేర్పుతారు? రామగుండం స్టేషన్లో దిగే మందుల పెట్టెలు నేర్పాయి. బాయి మనుషులు మందుల పేర్లు పట్టించుకోరు. వాళ్లకు ఎర్ర మందు, తెల్ల గోళీ, పొడి సూది, అంతే. చిన్న గాజు బుడ్డీలోని తెల్లపొడిలో నీళ్లు కలిపి టీబీ ఉన్నవాళ్లకు వేసేదే పొడి సూది. దాని అసలు పేరు స్ట్రెప్టోమైసిన్. ఆ పేరు తడబడకుండా వచ్చిననాడు సదయ్య ఇంటికి పోయి మల్లక్క ముందర మూడుసార్లు పలికాడు.

"నోట్లె రాళ్లేస్కున్నవా ఏంది?" అంది ఆమె.

రెండు నెలల కింద కొత్త పెట్టెలు దిగాయి. బుడ్డీ అదే, పొడి అదే, పేరు మాత్రం పొడుగైంది. డైహైడ్రోస్ట్రెప్టోమైసిన్. సదయ్య బుడ్డీ పట్టుకుని ముందు గదిలోకి పోయాడు. వేంకటరమణ డాక్టరుది మంథని, చదువుకున్న ఇంటి మనిషి. అప్పుడాయన డ్రెస్సింగు కత్తెరతో కాలిగోళ్లు తీసుకుంటున్నాడు. అదే కత్తెరతో సదయ్య మళ్లీ పుండ్ల మీది గుడ్డ కత్తిరించాలి.

"ముందట గీ డైహైడ్రో ఏంది సార్?"

"స్ట్రెప్టో అంటే మెలి తిరిగిందని. మైసిన్ అంటే బూజు నుంచి తీసిందని. మట్టిలో మెలి తిరిగి పెరిగే బూజులాంటిది, దాని నుంచి తీశారు. దానికి ఇంకో రెండు హైడ్రోజన్లు కలిపితే డైహైడ్రో. పేరే పొడుగు, మందు ఒకటే. పోయి వెయ్యి."

బూజా! ఇన్నేళ్లూ తాను మనుషుల ఒంట్లోకి ఎక్కించింది మట్టిలో పుట్టిన బూజా! సదయ్య బుడ్డీని ఒంటికి దూరంగా పట్టుకున్నాడు. అయినా అది ప్రాణాలు నిలబెట్టడం కళ్లారా చూశాడు, కాబట్టి ఆ రోతను మింగేశాడు. మింగలేకపోయింది పెట్టెలో మడిచి పెట్టిన కాగితాన్ని. చీమ తలకాయంత అక్షరాలు. చెవిలో వేసే చుక్కల సీసా మీద ఉండే మాట ఆ కాగితంలో నాలుగు చోట్ల కనిపించింది. చెవికీ ఈ మందుకూ ఏం సంబంధం? మళ్లీ ముందు గదిలోకి పోయి అడిగాడు.

"చెవుడు రావచ్చు అని రాశారు. ఏ ఒక్కడికో వస్తుంది. ఆ కాగితాలన్నీ చదువుతూ కూర్చుంటే మంచినీళ్లు కూడా తాగలేం సదయ్యా" అన్నాడు డాక్టరు, రెండో కాలు బల్ల మీద పెట్టుకుంటూ.

ఆ ఏ ఒక్కడో నర్సింగం అవుతాడని సదయ్యకు పదిహేను రోజుల కిందే తెలిసింది.

నర్సింగం బాయిలో టింబర్‌మన్. బొగ్గు తీసిన చోట కప్పు కూలకుండా కట్టెలు నిలబెట్టే పని. కట్టె పెట్టే ముందు ఇనప సబ్బల్‌తో కప్పును కొట్టి వినాలి. గట్టి కప్పు ఖంగుమంటుంది, విడిపోయిన కప్పు డొల్లగా పలుకుతుంది. అతను విని సరే అన్నాకే మిగతావాళ్లు లోపలికి అడుగు పెడతారు. పద్దెనిమిదేళ్లుగా ఆ చెవి మీద భరోసాతో జనం బొగ్గు తవ్వుతున్నారు. టీబీ వచ్చి పెద్ద దవాఖానలో రెండు నెలలు పడుకున్నాడు. కఫంలో ఏమీ లేదని ఫిట్ రాసి పంపారు, సూదులు మాత్రం రోజు విడిచి రోజు ఆరు నెలలు వేయించుకోమన్నారు. ఆ కొత్త పేరు మందు మొదలైన నెలన్నరకు అతను మెట్లెక్కుతూ తూలడం మొదలుపెట్టాడు. పలకరిస్తే ముఖంలోకి కాకుండా పెదవుల వంక చూడసాగాడు. సదయ్య చూశాడు. చూసి సూది వేశాడు.

ఈ పొద్దు ఆరుంపావుకు వచ్చాడు. మొదటి షిఫ్టు ఏడింటికి. రోజూలాగే గోడవైపు తిరిగి గోచీ వదులు చేసి నిలబడ్డాడు. నడుము మీద పాత సూదుల గడ్డలు, ఒకటి పచ్చగా కమిలి ఉంది.

"ఎడమ దిక్కా, కుడి దిక్కా అన్నా?"

జవాబు లేదు. సదయ్య గొంతు పెంచి మళ్లీ అడిగాడు. అయినా లేదు. స్టవ్ పక్కనున్న ఇనప మూత తీసి కావాలని గచ్చు మీద పడేశాడు. ఆ చప్పుడుకు వసారాలో ముసలామె ఒకతె ఉలిక్కిపడి తిట్టింది. నర్సింగం గోడమీది బల్లిని చూస్తూ నిలబడ్డాడు.

సదయ్య భుజం తట్టి తనవైపు తిప్పుకున్నాడు. నోరు పెద్దగా తెరిచి, "ఎన్ని దినాల సంది?" అని అడిగాడు.

నర్సింగం కాసేపు ఆ నోటినే చూశాడు. తర్వాత గుసగుసగా అంటున్నాననుకుని, వసారా అంతా వినిపించేటంత గట్టిగా, "సారుకు చెప్పకు సదన్నా!" అన్నాడు. సదయ్య చప్పున అతని నోటికి చెయ్యి అడ్డం పెట్టాడు. వేళ్లకు ఎంగిలి తగిలింది. నర్సింగం ఆ చెయ్యి పక్కకు జరిపి, ఈసారి నిజంగానే చిన్నగా అన్నాడు. "అన్‌ఫిట్ రాస్తే క్వార్టర్ గుంజుకుంటరు. లింగవ్వను, పోరగాండ్లను తీస్కోని యాడికి వోవాలె? చెవి వోతే ఏంది, చెయ్యి లేదా? ఎడమ చెయ్యి కప్పుకు ఆనిచ్చి సబ్బల్‌తోని కొడ్త. వదులుంటే అరచేతిల జివ్వుమంటది. నా చెయ్యి ఇంటదన్నా."

అబద్ధం కాదు. పాత టింబర్‌మన్లు అట్లా చేతితో చూస్తారని సదయ్య కూడా విన్నాడు. పోనీ ఆ మాట నమ్మి ఊరుకున్నాడా అంటే, అదీ కాదు. ఇప్పుడు రాస్తే డాక్టరు మొదట అడిగేది, పదిహేను రోజుల సంది నువ్వేం పీకుతున్నవని. స్వీపరు నుంచి ఎక్కిన మెట్టు మళ్లీ దిగాల్సి వస్తుంది. పక్కవాడి మీద జాలి అని పేరు పెట్టుకుని తన భయాన్ని దాచుకున్నాడు. ఆ సంగతి అతనికి తెలుసు. తెలిసే దాచుకున్నాడు, థూ!

బుడ్డీలో మందు అప్పటికే కలిపి ఉంది. పారబోస్తే ఎందుకు పారబోశావో రాయాలి. రాయకుండా ఉండాలంటే వేయాలి. వేశాడు. రిజిస్టరులో పొడుగు పేరు మొత్తం ఒక్క తప్పు లేకుండా రాసి, బాధలు అన్న గడిలో 'ఏమీ లేవు' అని రాశాడు. నర్సింగం గోచీ బిగించుకుని, సదయ్య రెండు చేతులూ పట్టుకుని కళ్లకద్దుకున్నాడు. అతను పోగానే సదయ్య ఆ చేతుల్ని సబ్బుతో మూడుసార్లు కడిగాడు.

ఆ తర్వాత అన్ని రోజుల్లాంటి రోజే. కాలి పుండులో పురుగులు పడ్డాయని ఒకడొచ్చాడు. పట్టుకారుతో పంతొమ్మిది తీశాడు. మరొకడు కట్టు విప్పుతుండగానే బీడీ ముట్టించాడు. డాక్టరు పదకొండింటికి వచ్చి, రిజిస్టరు చూడకుండానే అన్ని గీతల మీదా సంతకం చేసి, ఖని బజారు నుంచి మిర్చీ బజ్జీలు తెప్పించుకుని తిన్నాడు. నూనె చేతుల్ని కట్టుగుడ్డకు తుడుచుకున్నాడు. సదయ్య జొన్నరొట్టె విప్పి, వాసన చూసి, మళ్లీ మూట కట్టేశాడు.

ఒంటిగంట దాటాక నలుగురు స్ట్రెచర్ మోసుకొచ్చారు. మోస్తున్నవాళ్లు తొందరపడలేదు. తొందర లేకపోవడం చూడగానే సదయ్యకు అర్థమైపోయింది. పైన కప్పిన గోనెపట్టా తీయక ముందే ఎవరో కూడా అర్థమైపోయింది.

స్ట్రెచర్ ముందు కొస పట్టుకున్న ఎల్లన్న నర్సింగంతో కలిసి కట్టెలు పెట్టేవాడు. కింద దించి, గోడకు ఆనుకుని కూర్చున్నాడు.

"ముంగట కప్పు మంచిగనే ఉండెనే. చెయ్యి వెట్టి చూస్తనే ఉన్నడు" అన్నాడు. "ఎన్క పాత కట్టె పటపటమన్నది. కప్పు కూలుతదని అందరం ఉరికినం. పేరు వెట్టి ఒర్లిన సదన్నా, రెండుసార్లు ఒర్లిన. గట్లనే కప్పు మీద చెయ్యి వెట్టుకోని నిలవడ్డడు. మల్లి గూడ సూడలే."

డాక్టరు నాడి చూసి, గడియారం చూసి, కాగితం రాశాడు. రాస్తూ రాస్తూ ఆగాడు.

"పొద్దున ఇంజక్షన్‌కు వచ్చాడు కదా? ఏమన్నా చెప్పాడా?"

"ఏం జెప్పలే సార్."

ఎంత సాఫీగా వచ్చింది ఆ మాట! మందు పేరు నేర్వడానికి నెల పట్టిన నోరు, దీనికి ఒక్క క్షణం కూడా తడుముకోలేదు. తిలాపాపం తలా పిడికెడు అంటారు. ఈ పాపంలో డాక్టరు పిడికెడు డాక్టరు పట్టుకుపోయాడు. మిగిలిందంతా తన దోసిట్లోనే ఉందని సదయ్యకు తెలుసు. ఎన్ని చీము కట్లు విప్పినా పుట్టనంత రోత తన మీద తనకు పుట్టింది.

బయట నర్సింగం భార్య లింగవ్వ వచ్చింది. ఎవరో లోపలికి రాకుండా ఆపారు. కడిగినాక చూద్దువు గని అంటున్నారు. కడగడం సదయ్య పని. తలుపు దగ్గరికి వేసి, బకెట్ ముందు పెట్టుకుని కూర్చున్నాడు. ఛాతీ నుజ్జయింది గానీ ముఖానికేమీ కాలేదు. తడిగుడ్డతో బొగ్గుమసి తుడిచాడు. నుదురు, బుగ్గలు, మెడ. కుడిచెవి తుడుస్తుంటే వేలికేదో జిడ్డుగా తగిలింది. పట్టుకారుతో లాగాడు.

దూది ఉండ. ఎల్లిపాయలు వేసి కాచిన నువ్వులనూనె వాసన గుప్పుమంది. చెయ్యి ఉండగా చెవి ఎందుకన్న మనిషి, చాటుగా చెవికి వైద్యం చేసుకుంటున్నాడు. లోపల గవ్వంత వినికిడి మిగిలి ఉంటే దానికీ మూత పెట్టుకుని బాయిలోకి దిగాడు. ఎడమచెవిలోనూ ఒకటుంది. సదయ్య వాటిని కిటికీ వెలుతురులో తిప్పి చూశాడు. బజారు దూది కాదు. సూది వేశాక రక్తం ఆగేదాకా అదుముకోమని తాను చేతిలో పెట్టిన దూది. పారెయ్యమని చెప్పినా పారెయ్యలేదు, ఇంటికి తీసుకుపోయి నూనెలో ముంచుకున్నాడు.

"అన్నా, ఇగ రావచ్చునా?" బయటి నుంచి లింగవ్వ అడిగింది.

సదయ్య వాటిని కిటికీ గూట్లో పెట్టాడు. ఆ రెండు ఉండలూ పక్కపక్కన ఉన్నాయి, నూనెకు పసుపెక్కి, బొగ్గుకు నల్లబడి, ఒకదాని మీద సూదిమొనంత ఎండిన రక్తం.