అత్తకు ఆఖరి స్నానం

మా ఊళ్ళో ఎవరైనా పోయారని తెలియడానికి ఏడుపులు వినపడక్కర్లేదు. ఆ ఇంటి పందికొవ్వు జాడీ వీధిలోకి వచ్చిందంటే చాలు. ఆ రోజు తెల్లవారగానే మా జాడీని చంకనెత్తుకుని నేనే వీధిలోకి వచ్చాను. రేవులో మా పుట్టింటి వైపు పడవ కట్టి ఉంటే పడవవాడి చేతిలో పెట్టి, "వారం దాకా నీ దగ్గరుంచు. వేలు పెట్టి నాకావంటే నాకు తెలిసిపోద్ది" అన్నాను. వాడు నవ్వబోయి, నా మొహం చూసి ఆగిపోయాడు. అప్పటికి మా అత్త పోయి గంటయింది.

గువో వంశం వాళ్ళ పద్ధతి ఇది. వందల ఏళ్ళ కిందట ఓడ మీద వచ్చి ఈ చైనా తీరాన దిగిన ముసల్మాను వర్తకుడొకడు వీళ్ళ మూలపురుషుడు. తరువాతి వాళ్ళు ఆయన భాష మరిచిపోయారు, నమాజు మరిచిపోయారు, చుట్టుపక్కల హాన్ ఇళ్ళలోని పిల్లల్ని చేసుకుని హాయిగా పంది మాంసం తినడం మొదలుపెట్టారు. కానీ పోయినవాళ్ళు చేరేది ఆ పాత పెద్దల దగ్గరికే. ఆ పెద్దలు పంది ముట్టరు. అందుకని ఇంట్లో మనిషి పోతే వారం దాకా ఎవరూ ముట్టకూడదు. బాణలి, గరిటె, కత్తి అన్నీ బూడిదతో తోమి నీళ్ళలో మరగబెట్టాలి. బతికినన్నాళ్ళూ ఎలా బతికినా చచ్చాక మాత్రం అందరూ హుయీలే, అంటే చీనా ముసల్మాన్లే. కొత్తకోడలిగా వచ్చినప్పుడు ఇది చూసి నవ్వాను. నవ్వినందుకు అనుభవించాను కూడా.

నేను జువాంగ్ వంశం పిల్లను, హాన్ల ఇంటిదాన్ని. మా నాన్న పందులు పెంచేవాడు. నా పేరు లీరోంగ్ అని మా అత్తకు తెలుసో లేదో నాకిప్పటికీ అనుమానమే. ముప్ఫై ఏళ్ళూ నన్ను "పందులింటిదానా" అనే పిలిచింది. కోపం వచ్చినా అదే పిలుపు, ముద్దు వచ్చినా అదే పిలుపు. ఆవిడకు ముద్దు ఎప్పుడో గాని వచ్చేది కాదనుకోండి. ఎడమవైపు పక్షవాతం వచ్చి మూడేళ్ళు మంచాన పడి ఉంటే, రోజూ ఒళ్ళు కడిగింది నేనే. నోట్లో జావ పోసింది నేనే. సముద్రపు గుల్లలు పెంచే మడుగుల్లో నుంచి బురద కాళ్ళతో పరుగెత్తుకొచ్చి మరీ చేశాను. మెచ్చుకోలు ఆశించి చేశానని చెప్పను, కానీ ఒక్క మాట అంటే ఏం పోయిందని చాలాసార్లు ఏడ్చుకున్నాను.

నా కొడుకు బింగ్‌ఖున్ పది గంటలకు పట్నం నుంచి మోటారు సైకిలు మీద వచ్చాడు. ప్రభుత్వం మమ్మల్ని హుయీలుగా కాగితాల్లో రాసుకున్నాక, పడమటి దిక్కున నింగ్‌షియాలో చదువు చెప్పిస్తామంటూ మా ఊరి నుంచి కొందరు పిల్లల్ని తీసుకెళ్ళారు. వాడు పద్దెనిమిదో ఏట వెళ్ళి, ఇరవై మూడో ఏట తెల్లటోపీ పెట్టుకుని, ఇద్రీస్ అని కొత్త పేరుతో తిరిగొచ్చాడు. ఇప్పుడు పట్నంలో మసీదు దగ్గర పిల్లలకు అరబ్బీ నేర్పుతున్నాడు. పదిహేను రోజులకోసారి ఇంటికొచ్చి నా వంట ముట్టకుండా వెళ్ళిపోతాడు. ఉడకబెట్టిన గుడ్డు మాత్రం తింటాడు. పెంకు లోపలికి నా బాణలి పాపం వెళ్ళదు కదా!

వస్తూనే నానమ్మ కాళ్ళ దగ్గర కూలబడి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. వాణ్ణి పెంచింది ఆవిడే. తరువాత మొహం కడుక్కుని, వరండాలో కూర్చున్న పెద్దల దగ్గరికి వెళ్ళి నిలబడ్డాడు. మా మామగారి మూడో తమ్ముడు థియెన్‌జూ ఇప్పుడు మా వంశానికి పెద్ద.

"మూడో తాతా, ఈ రోజే పూడ్చాలి. నానమ్మని మన పెద్దల పద్ధతిలో పంపిద్దాం."

"మన పెద్దల పద్ధతి మాకు తెలీదేంట్రా? నీ టోపీ వయసెంత, నా వయసెంత?" అన్నాడు ముసలాయన. మళ్ళీ ఆయనే కాసేపు చుట్ట పీల్చి, "సర్లే. మాకు తెలిసింది మేం చేశాం, నువ్వు చదువుకొచ్చావు. నాలుగు అక్షరాలు వచ్చినవాడివి నీకే వదిలేస్తున్నా. కానీ శవపెట్టె ఉండాలి. మా వదిన పదేళ్ళ కిందటే తన పెట్టె తనే చేయించుకుంది. దాంట్లో పెట్టకపోతే నన్ను వచ్చి తంతది" అన్నాడు.

ముసల్మాన్లు పెట్టె లేకుండానే పూడుస్తారట, అయినా వాడు ఒప్పుకున్నాడు. నా భర్త చింగ్‌పో అగరుబత్తులు పట్టుకుని, బావికి మొక్కి, శవస్నానానికి నీళ్ళు అడిగి తేవడానికి బయలుదేరితే, వాడు వెంట వెళ్ళి బత్తులు మాత్రం మెల్లిగా చేతిలోంచి తీసుకున్నాడు. ఆయన ఎప్పుడూ ఏమీ అనరు. ఇద్దరూ కలిసి రెండు బకెట్లు మోసుకొచ్చారు. నేను చేతులు పైకి మడుచుకుని, గుడ్డలు తీసుకుని లోపలి గదివైపు నడిచాను. గుమ్మం దగ్గర వాడు అడ్డు నిలబడ్డాడు.

"అమ్మా, నువ్వాగు."

"ఏం?"

"ఇమాముగారి భార్య వస్తోంది. ఫోన్ చేశాను. మూడింటి బస్సుకి దిగుతుంది. ఆవిడ కడుగుతుంది."

"ఎందుకు? నాకు చేతుల్లేవా?"

వాడు తల వంచుకున్నాడు. "ముసల్మాను ఆడమనిషి కడగాలమ్మా. అది నియమం."

నేను చేతిలోని గుడ్డల్ని గట్టిగా మెలిపెట్టాను. కోపమని అందరూ అనుకున్నారు. కోపం కాదు. ముప్ఫై ఏళ్ళు ఆవిడ నన్ను పందులింటిదాన్నంది, ఇప్పుడు నా కడుపున పుట్టినవాడు ఆవిడ శవం పక్కనే నిలబడి అదే మాట ఇంకో భాషలో అంటున్నాడు. ఆ స్నానం నా చేతుల్లోంచి పోతే, ఈ ఇంట్లో నేను చేసినదంతా కూలిదాని పనే అవుతుంది. నాకు కావలసింది ఆ ఒక్కటే. ఆవిణ్ణి కోడలిగా నేనే సాగనంపాలి.

"మూడేళ్ళు రోజూ కడిగాను కదరా. అప్పుడు లేని నియమం ఇప్పుడెక్కణ్ణుంచి వచ్చింది?"

"అప్పుడు బతికుంది. ఇది వేరు." వాడు టోపీ సర్దుకున్నాడు. "పోనీ ఒక పని చెయ్. కలిమా అని ఒక్క వాక్యం చెప్తాను, నా వెనకాల అను. అన్నావంటే నువ్వూ ముసల్మానువే. నువ్వే కడగొచ్చు. నిమిషం పని."

అమ్మలక్కలు నావైపు ఆశగా చూశారు. మూడో మామ కూడా, "అనేసెయ్, కోడలా. ఒక్క వాక్యానికి నీ నోరు అరిగిపోద్దా?" అన్నాడు.

"పెళ్ళినాడు మీరు చెప్పమన్నవన్నీ చెప్పాను మామయ్యా. ఇది చెప్పను" అన్నాను. వాడి కళ్ళలోకి చూస్తూ అన్నాను. "నమ్మి అనాల్సిన మాట కదరా అది? నమ్మకుండా, గదిలోకి వెళ్ళడానికి చీటీలా అంటే నీ దేవుడు సంతోషిస్తాడా? శవం ముందర నేను అబద్ధమాడను. పైగా ఇప్పుడా మాట అంటే, మూడేళ్ళూ కడిగిందెవరు? ఎవరో పరాయిదా?"

వాడు గుమ్మంలోంచి పక్కకు జరగలేదు. భాద్రపదపు ఎండ ఉక్కపోతగా ఉంది. మూడింటికి ఇంకా నాలుగు గంటల టైముంది. శరీరం బిగుసుకుపోతుందని అక్కడ అందరికీ తెలుసు. నేను వాడి భుజం పట్టుకుని పక్కకు తోసి, లోపలికి వెళ్ళి పరదా లాగేశాను. వాడు నన్ను ఆపడానికి చెయ్యెత్తలేదు. అంతవరకూ వాడికి మర్యాద నేర్పాననే అనుకుంటాను.

అత్త చాలా చిన్నగా కనిపించింది. ఎప్పుడూ చిట్లించి ఉండే నుదురు సాపుగా అయింది. "నేనే వచ్చాను అత్తా, పందులింటిదాన్ని" అన్నాను.

పరదా అవతలి నుంచి వాడి మాట వినిపించింది, కోపంగా కాదు, బతిమాలుతున్నట్టు. "అమ్మా, ఎలాగూ కడుగుతున్నావు కాబట్టి, పద్ధతిగా కడుగు. నేను ఒక్కొక్కటే చెప్తాను. ముందు నడుం నుంచి మోకాళ్ళ దాకా గుడ్డ కప్పు. అది తీయకూడదు."

"కప్పే ఉంది."

"ఎవరు చెప్పారు?"

"మీ నానమ్మే. ఆ గుడ్డ ఒక్కనాడూ తీయనివ్వలేదు. కిందనుంచి చెయ్యి పెట్టి కడగాల్సిందే."

"ఆ కడిగే చేతికి వేరే గుడ్డ చుట్టుకోవాలి. ఎడమచేతికి."

"చుట్టుకున్నానురా. ఆ గుడ్డ మొహానికి తగిలితే మీ నానమ్మ నా చెంప పగలగొట్టేది."

"తరువాత చేతులు. ముందు..."

"కుడిచెయ్యి. మణికట్టు దాకా మూడుసార్లు. తరువాత మొహం. తరువాత మోచేతుల దాకా, అదీ కుడివైపే ముందు." నా చేతులు వాటంతటవే కదులుతున్నాయి. రోజూ చేసిన పనే. "తల కడిగాక కుడిపక్క, ఆ తరువాత ఎడమపక్క. మొదట ఒకరోజు చచ్చుబడ్డ పక్క ముందు కడిగితే నొప్పి తగ్గుతుందేమోనని ఎడమవైపు మొదలుపెట్టాను. బాగున్న చేత్తో నీళ్ళ ముంత నా మీదికి విసిరేసింది. ఎందుకత్తా అంటే, 'ఇలాగే కడగాలి, మీ పందులింట్లో నేర్పలేదా' అంది. ఎందుకో ఆవిడకూ తెలీదు."

"ఎన్నిసార్లు?" అని మెల్లిగా అడిగాడు.

"మూడు. ఇంకా శుభ్రం కాకపోతే అయిదు. నాలుగు మాత్రం పోయనిచ్చేది కాదు."

చివరి ముంత పోసేసరికి వాడు గోడకు ఆనుకుని నేల మీద కూర్చున్న చప్పుడు వినిపించింది.

"నేను అయిదేళ్ళు చదివి నేర్చుకున్నానమ్మా ఇది. పుస్తకంలో అచ్చం ఇలాగే ఉంది" అన్నాడు.

"మీ నానమ్మకి చదువు రాదురా."

పొడిబట్టతో తుడిచి, తెల్లగుడ్డ కప్పి, నేను బయటికొచ్చాను. వాడు నా మొహం చూడలేదు. పొయ్యి దగ్గరికెళ్ళి, నా స్నానానికి నీళ్ళు తనే కాచి తెచ్చిపెట్టాడు. కానీ వాడి మనసులో ఏం తేల్చుకున్నాడో నాకు తెలియలేదు. బస్సు దిగే ఆవిడ మళ్ళీ మొదటి నుంచి కడుగుతానంటే వాడు సరేనంటాడేమోనని, నేను తల తడి ఆరకుండానే వచ్చి గుమ్మం దగ్గర కూర్చున్నాను.

ఇమాముగారి భార్య మూడున్నరకు వచ్చింది. పడమటి వైపు మనిషి. పొడవుగా, తలకు నల్లగుడ్డ చుట్టుకుని ఉంది. పలకరింపులయ్యాక లోపలికి తొంగిచూసి, తడిసిన నేల చూసి ఆగిపోయింది.

"కడిగేశారా? ఎవరు?"

"మా అమ్మ" అన్నాడు వాడు.

ఆవిడ నన్ను పైనుంచి కిందకి చూసింది. ముసుగు లేని తల, గుల్లలు ఒలిచి ఒలిచి చీరుకుపోయిన వేళ్ళు. మొహంలో ఎగతాళి లేదు, తన పని తాను చేసే మనిషి. "కలిమా చదివిన మనిషేనా?" అని అడిగింది.

నా భర్త నేల చూశారు. మూడో మామ చుట్ట ఆరిపోయింది. లేదు అని నేనే చెప్పేద్దామనుకున్నాను గాని నాకంటే ముందే వాడు అందుకున్నాడు.

"మా అమ్మ మా నానమ్మ దగ్గర నేర్చుకుంది" అన్నాడు నా కొడుకు.

"మరి మీ నానమ్మ ఎవరి దగ్గర?"

"వాళ్ళ అత్త దగ్గర. ఆవిడ వాళ్ళ అత్త దగ్గర." వాడు ఒక్కొక్క మాటా తడుముకుంటూ అంటున్నాడు, అప్పుడే కనుక్కుంటున్నట్టు. "మా నానమ్మ చెన్ వాళ్ళ పిల్ల. హాన్. వాళ్ళదీ పందులిల్లే. వాళ్ళ అత్తా బయటినుంచి వచ్చినామే. మేం మగవాళ్ళం ఖురాను మరిచాం, నమాజు మరిచాం. ఈ ఒక్కటీ మాకు మిగిల్చింది ఈ ఆడవాళ్ళేనండీ. కలిమా వీళ్ళలో ఎవరు చదివారో నాకు తెలీదు."

అత్తది పందులిల్లన్న సంగతి ఊరందరికీ తెలుసు. ఆవిడ బతికుండగా ఎత్తే ధైర్యమే ఎవరికీ లేదు.

ఇమాముగారి భార్య లోపలికి వెళ్ళి, అత్త కుడిచెయ్యి తీసి చూసింది. గోళ్ళ సందుల్లో కూడా శుభ్రంగా ఉంది. ఆవిడ సంచిలోంచి శవానికి చుట్టే కఫను గుడ్డ తీసి ఒక కొస నాకు అందించింది.

"మళ్ళీ కడగక్కర్లేదు. మీరు కుడివైపు పట్టుకోండి అక్కా" అంది.

వంశవృక్షం పుస్తకంలో మా అత్త పేరు ఉండదు, చెన్ ఇంటి ఆడమనిషి అని మాత్రం ఉంటుంది. ఆవిడ అత్త పేరూ లేదు, నా పేరూ ఉండదు. పొద్దుటి నుంచి రాని ఏడుపు అప్పుడొచ్చింది. ఏడుస్తూనే గుడ్డ బిగించి ముడి వేశాను.