గ్యాసే, ఇంకేం లేదు

బొడ్డు కింద సన్నగా గుంజింది. పాల క్యాన్లు కడుగుతున్నదాన్ని అలాగే ఆగిపోయాను. కాసేపటికి ఓ పక్కన చురుక్కుమంది, తర్వాత కడుపంతా ఉబ్బరం. ఆ గుంజుడు నాకు తెలుసు. పోయినసారి కూడా నెల తప్పకముందే ఇలాగే మొదలైంది.

సంతోషం కన్నా ముందు రోత పుట్టింది నాకు, మా గల్లీ జనాన్ని తలుచుకుని.

పురానాపూల్ దగ్గర మా ఇంట్లో బర్రెల కొట్టానికీ వంటింటికీ మధ్య ఒక్కటే గోడ. పేడ వాసన, పొంగి మాడిన పాల వాసన, ఎండ ముదిరితే మూసీ కంపు. పెళ్ళయిన కొత్తలోనే వాటికి అలవాటు పడ్డాను. మనుషుల చేతులకు మాత్రం అలవాటు పడలేకపోయాను. పోయినసారి మా ఆయన బాలరాజ్ చెవిన వేసిన మాట అత్త రాజమణికి చేరింది. ఆమె నోట్లో పడ్డాక ఇంకేముంది, మేం పాలు పోసే ప్రతి గడపకూ తెలిసిపోయింది. ఒక్కొక్కరే వచ్చి నా పొట్ట తడిమారు. తవుడు కలిపిన చెయ్యి, చేపలు కడిగిన చెయ్యి, ముక్కు చీదిన చెయ్యి. "గుంజుతుందా, మంట పెడుతుందా? గుంజితే పోరడే" అని తీర్పులు కూడా. ఆ కడుపు నిలవలేదు. మళ్ళీ వాళ్ళే వచ్చారు. "ఏం తిన్నవే? ఏం మోసినవే?" ఆ రోజు మా గుమ్మంలో కూర్చుని టీ జుర్రుకున్న ఆ మూకను ఇప్పటికీ మరిచిపోలేదు.

అందుకే ఈసారి మూడో నెల దాటేదాకా ఎవరికీ తెలియకూడదనుకున్నాను. బాలరాజ్‌కు కూడా చెప్పలేదు. అతనికి తెలిస్తే అత్తకు తెలిసినట్టే.

"ఏందే, గట్ల కడుపు వట్టుకున్నవ్?" అని అత్త అడిగితే "గ్యాస్" అన్నాను. తాలింపు వాసనకు బయటికి పరుగెత్తినా గ్యాసే, మీగడ చూసి మొహం తిప్పుకున్నా గ్యాసే. ఆమె వాము నీళ్ళు కాచి ఇచ్చింది. ముక్కు మూసుకుని తాగాను. ఆమె ఊరుకుంటుందా? కోడలికి గ్యాస్ అని గల్లీ అంతా చెప్పి వచ్చింది.

ఆ సాయంత్రమే పక్కింటి చంద్రమ్మ పళ్ళెం నిండా బొప్పాయి ముక్కలు పట్టుకుని దిగింది. వెనకాల తమాషా చూడ్డానికి మరో ఇద్దరు. మగ్గిన ముక్కలు రసం కారుతున్నాయి. గింజలు కూడా సరిగ్గా తియ్యలేదు.

"గ్యాస్‌కు గిది మస్తు మంచిది. తిను బిడ్డా" అంది చంద్రమ్మ. నోటితో నవ్వుతోంది, కళ్ళు మాత్రం నా పొట్ట మీదే ఉన్నాయి.

కడుపుతో ఉన్నవాళ్ళు బొప్పాయి ముట్టరని మా గల్లీలో అందరికీ తెలుసు. తింటే గ్యాస్, తినకపోతే కడుపు. ఛీ, వీళ్ళకు ఇంతకన్నా పని లేదా!

ఒక ముక్క తీసుకున్నాను. వెచ్చగా, జిగటగా వేళ్ళకు అంటుకుంది. తింటే నిజంగా ఏమైనా అవుతుందో లేదో నాకు తెలియదు. అంత భయంలోనూ దాన్ని చంద్రమ్మ మొహాన కొట్టాలనిపించింది.

"ఏంది, తింటలేవు?" అంది.

నేను నోరు తెరిచేలోపే అత్త నా చేతిలో ముక్క లాక్కుంది. పళ్ళెం కూడా లాక్కుంది.

"దానికి వాము నీళ్ళు తాగంగనే తగ్గింది. గిప్పుడు పరేషాన్ నాకున్నది, పొద్దుగాల్నుంచి తేన్పులే తేన్పులు" అంటూ ముక్కలన్నీ నోట్లో కుక్కుకుంది. మొహం వంకర్లు పోతున్నా ఆగలేదు. గింజలతో సహా మింగింది. రసం మోచేతిదాకా కారింది. చివర్లో చంద్రమ్మ ఎదుటే గట్టిగా తేన్చింది. చంద్రమ్మ ముక్కు చిట్లించి, ఖాళీ పళ్ళెం తీసుకుని బయటికి నడిచింది. ఆ ఇద్దరూ వెనకే పోయారు.

అత్త కొంగుతో మూతి తుడుచుకుంది. ఇన్నాళ్ళూ ఆమెను అసహ్యించుకున్నాను. ఇప్పుడు చెంబుతో నీళ్ళు తెచ్చి ఆమె చేతికిచ్చాను.

"అత్తమ్మా, నాకు..." అని మొదలుపెట్టాను.

ఆమె చెయ్యి అడ్డం పెట్టింది. నా పొట్ట వైపు చూడనైనా లేదు.

"వద్దు బిడ్డా, నాకు జెప్పకు. నా నోటి సంగతి నీకెరుకే గద."