ఖాళీగా లేని తొట్టి

నా భర్త రాజగోపాల్ పోయిన రోజు పొద్దున చేపపిల్లలను పెద్ద తొట్టిలోకి మార్చవలసి ఉంది. అందుకని ముందురోజే మేత ఆపారు. కడుపు నిండిన చేపను ఎత్తితే బకెట్ నీళ్లు పాడై చస్తుందని ఆయనే నాకు చెప్పారు.

ఆ పని ఆగిపోయింది. కర్మకాండలు ముగిసేసరికి, ఢిల్లీ శివారు నజఫ్‌గఢ్ అవతల మేం కౌలుకు తీసుకున్న జాగాలో, చేపపిల్లలు వేలెడంత పెరిగి చిన్న తొట్టిలో ఇరుక్కుపోయాయి. తెల్లవారితే నీటి పైకి వచ్చి నోళ్లు తెరుస్తున్నాయి. పక్కన పెద్ద తొట్టి నీళ్లు నింపి ఉన్నా చేపలు లేక ఖాళీగా ఉంది.

మా బావగారు సదాశివరావు నన్నడగకుండా ఆ తొట్టిని పక్క పొలం బల్బీర్‌కు అమ్ముతానని మాటిచ్చారు.

“బడిపంతులమ్మవి, నీకెందుకమ్మా ఈ నీచు కంపు?” అన్నారు.

“అలవాటే, బావగారూ. ఆయన చొక్కాలు ఉతికింది నేనే.”

పిల్లలను నేనే మార్చాలని మేత ఆపేశాను. మర్నాడు వసంత్ కుంజ్‌లోని ఇంటి నుంచి వెళ్లేసరికి బావగారు చిన్న తొట్టి దగ్గర పళ్లెంతో నిలబడి ఉన్నారు. అన్నం మెతుకులు నీటి మీద తేలుతున్నాయి.

“పస్తు పెడతావా వాటిని? తమ్ముడి పేరు మీద నాలుగు మెతుకులు వేశాను.”

ఆయన కళ్లు తడిగా ఉన్నాయి. మెతుకులన్నీ జల్లెడతో తీశాను.

“ఇవాళ వీటిని ఎత్తకూడదు. రేపు మారుస్తాను.”

“రేపు బల్బీర్ వస్తాడు.”

“రానివ్వండి.”

మర్నాడు చీకటి విడుతుండగానే మొదలుపెట్టాను. కొన్ని కొన్ని పిల్లలను వలలో ఎత్తి బకెట్లో వేసి, ఆ బకెట్‌ను పెద్ద తొట్టిలో తేలనిచ్చి, రెండు నీళ్లూ ఒకే చల్లదనానికి వచ్చాక వంచాను. ఒక్క క్షణం ఆగి, వాటంతట అవే ఈదుకుంటూ వెళ్లాయి.

బల్బీర్ ట్రాక్టర్ దిగి తొంగిచూశాడు.

“అరే మేడమ్‌జీ, యే తో భర్ గయా!” తొట్టి నిండిపోయిందని ఆశ్చర్యపోయాడు.

“హా భయ్యా. అబ్ ఖాలీ నహీ హోగా.” ఇక ఇది ఖాళీ కాదని చెప్పాను.

అతను నవ్వుతూ బావగారి వైపు చూశాడు. “అంకుల్‌జీ, నాకు నీళ్లు అమ్మారా, చేపలు అమ్మారా?” అని హిందీలో అడిగాడు.

“వాడికిప్పుడు ఏం చెప్పను, ఛాయా?” అన్నారు బావగారు.

“మాటిచ్చింది మీరు. మీరే చెప్పండి.”

“ఇవన్నీ చచ్చిపోతే?”

“చచ్చినవి ఏరేస్తాను. మళ్లీ తెస్తాను. తొట్టి మాత్రం ఇవ్వను.”

ట్రాక్టర్ వెళ్లిపోయింది. అప్పటికి ఎండ ఎక్కి నీళ్లు వెచ్చబడ్డాయి, ఇక ఇవాళ చేపలను ఎత్తకూడదు. వల కడిగి ఆరేశాను.

చిన్న తొట్టిలో మిగిలిన సగం పిల్లలను రేపు మార్చాలి.