షార్ట్ లెగ్

బకెట్‌లో ముంచిన పిండికట్టు చుట్టలోంచి బుడగలు రావడం ఆగేదాకా మరియదాసు ఎవరితోనూ మాట్లాడడు. బుడగలు ఆగాయంటే నీళ్ళు లోపలిదాకా పోయినట్టు. అప్పుడు చుట్టను రెండు చివరలా పట్టుకుని, మధ్యకు నొక్కి పిండి, మంచం మీద చాపి ఉన్న కాలికి పాదం దగ్గర్నుంచి చుట్టడం మొదలుపెడతాడు. లోపల దూది పొర, దాని మీద తడి పిండిగుడ్డ. ప్రతి చుట్టునీ అరచేత్తో రాస్తాడు. వేళ్ళు తగలనివ్వడు. వేలు నొక్కిన చోట గుంట పడుతుంది, గుంట కింద చర్మం పుండవుతుంది. ముప్పై ఏళ్ళలో తన కట్టు కింద పుండు పడిన మనిషి లేడని ఆయన నమ్మకం. ఉన్నా వాళ్ళెవరూ వెనక్కొచ్చి చెప్పలేదు.

ఆ రోజు అది నాలుగో కట్టు. మంచం మీద ఉన్నది ఆటో నడిపే నలభై ఏళ్ళ మనిషి. చంటిపిల్లాడిలా ఏడుస్తున్నాడు.

"ఏడిస్తే ఎముక అతుక్కోదు బాబూ. షార్ట్ లెగ్ కట్టుతోనే క్రికెట్ ఆడి క్యాచ్ పట్టాడండి ఒకాయన. రేడియోలో చెప్పారు. మీరు ఆరు వారాలు ఇంట్లో కూర్చోలేరా?" అన్నాడు మరియదాసు.

ఆటో ఆయన ఏడుపు ఆపాడు. ఈ మాటకి అందరూ ఆపుతారు. నొప్పి తగ్గి కాదు, ఆశ్చర్యంతో. అలా ఎలా కుదురుతుందని ఇంతవరకూ ఒక్కరూ అడగలేదు. తన కాలు చేతిలో పెట్టుకుని మాట్లాడేవాడితో ఎవరు వాదనకు దిగుతారు?

విజయవాడ గవర్నర్‌పేటలోని ఆ ఎముకల ఆసుపత్రిలో మొదటి అంతస్తు చివరి గది మరియదాసుది. కిటికీ లేదు. ఫ్యాను తిరిగితే తెల్లటి పొడి లేస్తుంది. ఆ పొడిలో ఉండి ఉండి, జుట్టు ఎప్పుడు నెరిసిందో ఆయనకే తెలియలేదు. పొడుగాటి, సన్నటి మనిషి. గోళ్ళ చుట్టూ సున్నం గీసినట్టు తెల్లటి గీతలు. కుడికాలి చెప్పుకి అడుగున టైరు ముక్క మేకులతో కొట్టి ఉంటుంది. పదకొండో ఏట, మైలవరం పక్కన ఎవరి తోటలోనో మామిడిచెట్టు ఎక్కి జారిపడ్డాడు. ఊళ్ళో కట్లు కట్టే ముసలాయన వెదురుబద్దలు పెట్టి కట్టాడు. ఎముక అతుక్కుంది గాని అంగుళం పొట్టిగా అతుక్కుంది. ఇక్కడ పనిలో చేరినప్పుడు ఆరోగ్యం కాగితం మీద "షార్ట్ లెగ్, కుడి" అని రాశారు. ఏడో తరగతి చదువుతో కూడబలుక్కుని ఆ మాట చదువుకున్నాడు. ఆయన నేర్చుకున్న మొదటి ఆసుపత్రి మాట అదే.

నెల తిరక్కుండానే అదే మాటకి రెండో అర్థం తెలిసింది. మోకాలి కిందిదాకా వేసే కట్టు షార్ట్ లెగ్. తొడదాకా వేస్తే లాంగ్ లెగ్. డాక్టర్లు చీటీ మీద రాస్తారు, ఆయన వేస్తాడు. అలా ఒక మధ్యాహ్నం ఎవరికో షార్ట్ లెగ్ చుడుతుంటే, కింద మందుల కొట్లోని రేడియో కేకపెట్టింది: "షార్ట్ లెగ్‌లో కళ్ళు చెదిరే క్యాచ్!"

మరియదాసు చేతులు ఆగిపోయాయి. పిండికట్టుతో మైదానంలోకి దిగినవాడు ఎంత గుండెగల మనిషి అయ్యుండాలి! ఆ పూటే ఆ కథను రోగులకు చెప్పడం మొదలుపెట్టాడు. తర్వాతెప్పుడో "లాంగ్ లెగ్ నుంచి పరుగెత్తుకొచ్చి బంతి ఆపాడు" అని విన్నప్పుడు మాత్రం కొంచెం తటపటాయించాడు. తొడదాకా కట్టున్నవాడు పరుగెత్తడమేమిటి? పెద్ద ఆటగాళ్ళు కదా, ఏదో ఫారిన్ కట్టు అయ్యుంటుందని సర్దుకున్నాడు. ఎవరినైనా అడిగితే పోయేదే, కాని అనుమానం వస్తేగదా అడిగేది. ఇంట్లో టీవీ భార్య శౌరమ్మది. అందులో సీరియళ్ళు తప్ప బంతి కనబడిన పాపాన పోలేదు.

అవి రోహిణి కార్తె ఎండలు. రోళ్ళు పగులుతాయంటారు. ఆ రోజే పదకొండు దాటాక చక్రి అనే క్రికెట్ కోచ్ ఒక అమ్మాయిని చక్రాల కుర్చీలో తోసుకొచ్చాడు. పేరు సింధూరి, పదిహేడేళ్ళు. ఉయ్యూరు పిల్ల. విజయవాడలో హాస్టల్లో ఉండి ఇంటర్ చదువుతోంది, వేసవి సెలవుల్లో క్రికెట్ క్యాంపులో చేరింది. తెల్ల ప్యాంటు మోకాళ్ళ దగ్గర ఎర్రమట్టి అంటి ఉంది.

"ఎండదెబ్బ కూడా కొట్టినట్టుందండీ. మెట్ల దగ్గర వాంతి చేసుకుంది. మజ్జిగ పట్టించా," అని చెప్పి, చక్రి మందులకీ చంకకర్రలకీ కిందికి వెళ్ళాడు.

మరియదాసు చీటీ చూశాడు. అడుగున చిన్న డాక్టరుగారి రాత: చీలమండ ఎముకలో వెంట్రుకవాసి చీలిక, షార్ట్ లెగ్ కట్టు. అది సరే. పైన, దెబ్బ ఎక్కడ తగిలిందన్న గడిలో, చీటీలు రాసే గుమాస్తా కూడా "షార్ట్ లెగ్" అనే రాశాడు. ఎక్స్‌రే తియ్యకముందే ఏ కట్టు పడుతుందో గుమాస్తాకి ఎలా తెలిసింది? పైమాటా కిందిమాటా ఒకటే కావడంతో డాక్టరుగారికి అనుమానం రాలేదు. మరియదాసుకు మాత్రం తన శాఖలో గుమాస్తా వేలుపెట్టినట్టు అనిపించింది.

"ఆ లైటు తీసేస్తారా అంకుల్?" అంది సింధూరి, కళ్ళకి చెయ్యి అడ్డం పెట్టుకుని.

రెండు ట్యూబ్‌లైట్లలో ఆమెకెదురుగా ఉన్నది ఆపాడు. కాలికి దూది చుట్టాడు. చుట్ట బకెట్లో వేశాడు. పిల్ల మొహం చిన్నబోయి ఉంది కదా అని, ఓదార్పుగా తన పాత కథ ఎత్తుకున్నాడు. షార్ట్ లెగ్ కట్టుతోనే క్యాచ్ పట్టాడు తల్లీ ఒకాయన, అంటూ.

సింధూరి నవ్వింది. నవ్వుతూనే తల పట్టుకుంది.

"ఆయన కాలికి కట్టేం లేదంకుల్. క్రికెట్లో షార్ట్ లెగ్ అంటే కాలు కాదు, ఫీల్డర్ నిలబడే చోటు. నేను రోజూ నిలబడేది అక్కడే. పొద్దున పడింది కూడా అక్కడే. దెబ్బెక్కడ తగిలిందని కింద అడిగితే షార్ట్ లెగ్‌లో అని చెప్పా."

బకెట్లో బుడగలు ఆగిపోయాయి. మరియదాసు చుట్ట పైకి తీసి పిండాడు. ముప్పై ఏళ్ళు. ఎన్ని వందలమందికి చెప్పి ఉంటాడు! సిగ్గుతో చెవులు వేడెక్కాయి. కాని సిగ్గుకంటే కుతూహలం పెద్దది.

"ఎక్కడుంటదమ్మా ఆ చోటు?"

"నేను బ్యాటింగ్ చేస్తున్నాననుకోండి. మీరు ఇట్టా దగ్గరికి రండి. ఇంకో అడుగు. ఆఁ, అదే షార్ట్ లెగ్. ఇప్పుడు మోకాళ్ళు వంచండి. ఇంకా వంచాలి."

తడి చుట్ట చేతిలో పట్టుకునే, పొట్టికాలు సహకరించక ఒక పక్కకి ఒరుగుతూ, మరియదాసు వంగి నిలబడ్డాడు. సింధూరి చేతిని బ్యాటులా గాల్లో తిప్పింది. ఆ చెయ్యి ఆయన కణతకి జానెడు దూరంలో వచ్చి ఆగింది. మరియదాసు ఆ చేతి వంకే చూస్తూ ఉండిపోయాడు.

"మరి బంతికి ఎదురుగా ఉండేది కాలు కాదుగదమ్మా. తల."

"హెల్మెట్ పెట్టుకుంటాం అంకుల్."

"పొద్దున పెట్టుకున్నావా?"

పిల్ల తలుపు వైపు చూసింది. తర్వాత గొంతు తగ్గించింది.

"తల ఉడికిపోతోందని తీశా. రెండు ఓవర్లేగదా అని. చెవి పైన తగిలింది, చిన్నదే. పడ్డప్పుడు కాలు మడతపడింది. సార్ అప్పుడు అవతల నెట్‌లో ఉన్నారు, చూళ్ళేదు. చెప్పొద్దంకుల్, ప్లీజ్. కాలంటే మా నాన్న ఊరుకుంటారు. తలంటే ఆట మాన్పించేస్తారు."

చెప్పి, వెనక్కి వాలి కళ్ళు మూసుకుంది. "ఆ లైటు తీసేస్తారా అంకుల్?" అంది మళ్ళీ.

అది ఎప్పుడో తీసేశాడు. మరియదాసుకు భయం వేసింది. తడిపిన చుట్ట నాలుగు నిమిషాలకంటే ఆగదు, గట్టిపడిపోతుంది. తడిపినదాన్ని పారెయ్యడం ఆయన సర్వీసులో లేదు. దాన్ని బేసిన్‌లో పడేసి, వరండాలో నర్సు హెలెన్‌ను పిల్ల దగ్గర కూర్చోమని చెప్పి, కుంటుకుంటూ చిన్న డాక్టరుగారి గదికి వెళ్ళాడు.

గది బయట నలభైమంది ఉన్నారు. లోపల బల్ల చుట్టూ పదిమంది. పిల్ల వాంతి సంగతీ, అడిగిందే మళ్ళీ అడగడం సంగతీ డాక్టరుగారు తల ఎత్తకుండానే విన్నారు.

"ఎండలో ఆడింది, నీళ్ళు తగ్గి ఉంటాయి. కట్టు వేసెయ్యండి దాసుగారూ, సాయంత్రం చూద్దాం."

"అది కాదు సార్, షార్ట్ లెగ్ అంటే..."

"షార్ట్ లెగ్ అంటే ఏమిటో ముప్పై ఏళ్ళ తర్వాత మీకు నేను చెప్పాలా?"

చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. మరియదాసు వెనక్కి తిరగాలి. ముప్పై ఏళ్ళుగా ఆయన చేసింది అదే, చెప్పిన కట్టు వేసి రావడం. కాని కాళ్ళు కదలలేదు.

"నేను వెయ్యనండి," అన్నాడు.

డాక్టరుగారు తలెత్తారు.

"తల చూడకుండా ఆ పిల్ల కాలు ముట్టుకోనండి. నన్ను తీసేసినా సరే. క్రికెట్లో షార్ట్ లెగ్ అంటే కాలు కాదంట సార్. బ్యాటు పక్కనే తల పెట్టి నిలబడే చోటంట."

డాక్టరుగారి పెన్ను ఆగింది. మెడికల్ కాలేజీ రోజుల్లో ఆయనా ఆడినవాడే. కోటు వేసుకున్నాక ఆ మాటకి ఒక్క అర్థమే మిగిలింది. "హెల్మెట్ లేదా?" అని అడిగి, జవాబు వినకుండానే పరుగెత్తారు.

వెళ్ళేసరికి హెలెన్ పిల్లను పేరుపెట్టి పిలుస్తోంది. సింధూరి మూలుగుతోందేగాని మాట్లాడటం లేదు. డాక్టరుగారు టార్చి వేసి చూస్తే ఒక కంటిపాప రెండోదానికంటే పెద్దదై ఉంది. పది నిమిషాల్లో అంబులెన్సు వచ్చింది. తల స్కానింగు, ఆపరేషను ఉన్న పెద్ద ఆసుపత్రికి తీసుకెళ్ళారు. చంకకర్రలు పట్టుకుని అప్పుడే లిఫ్టు దగ్గరికి వచ్చిన చక్రి, అంబులెన్సు వెనకాల పరుగెత్తాడు.

బేసిన్‌లో చుట్ట రాయిలా బిగిసి ఉంది. మీద అయిదు వేళ్ళ గుంటలూ పడ్డాయి. మరియదాసు దాన్ని చెత్తబుట్టలో వేసి, మధ్యాహ్నం మరో నాలుగు కట్లు వేశాడు. ఒక ముసలమ్మ బావురుమంటుంటే అలవాటు కొద్దీ కథ మొదలుపెట్టి, సగంలో మింగేశాడు. ముసలమ్మ ఏడుస్తూనే ఉంది.

అయిదున్నరకి డాక్టరుగారే కట్ల గదికి వచ్చారు. "లోపల రక్తం గడ్డకట్టింది. తీసేశారు. పిల్ల కళ్ళు తెరిచిందట. ఇంకో గంట ఆగి ఉంటే..." అని ఆగిపోయి, "మీరు క్రికెట్ చూస్తారా దాసుగారూ?" అని అడిగారు.

"లేదండి."

డాక్టరుగారు ఆయన భుజం మీద చెయ్యివేసి వెళ్ళిపోయారు. తెల్లకోటు మీద కనిపించలేదు గాని, డాక్టరుగారి చేతికి పొడి అంటింది.

రాణిగారితోటలోని ఇంటికెళ్ళి శౌరమ్మకు అంతా చెప్పాడు. పిల్ల బతికిందన్నప్పుడు ఆమె సిలువ గుర్తు వేసుకుంది. ఆ వెంటనే నవ్వడం మొదలుపెట్టింది.

"అయితే ముప్పయ్యేళ్ళూ కాలికి లేని కట్టు కట్టి ఆడించావన్నమాట ఆ మహానుభావుణ్ణి!"

"నవ్వకే. ఎంతమందికి అబద్ధం చెప్పానో."

"అబద్ధమైతేనేంది, ఏడుపు మానారుగదా! ఇదిగో, ఇయ్యాల సీరియల్ లేకపోయినా ఫర్వాలేదు. చూసుకో నీ షార్ట్ లెగ్గు," అని రిమోటు ఆయన చేతిలో పెట్టింది.

మరియదాసు భోజనం కూడా టీవీ ముందే చేశాడు. ఆట మొత్తం చూశాడు. ఆ చోట ఒక్కరూ నిలబడలేదు. ఇరవై ఓవర్ల ఆటలో అందరినీ తరిమి దూరంగా నిలబెడతారని ఆయనకు ఎవరు చెబుతారు?

ఆ తర్వాత పందొమ్మిదో రోజు, శనివారం, మరియదాసు మైలవరంలో చెల్లెలి మనవరాలి జ్ఞానస్నానానికి బయల్దేరి, పెద్ద బస్టాండులో బెంచీ మీద కూర్చున్నాడు. మైలవరం బస్సులు మూడు వెళ్ళిపోయాయి. నాలుగో బస్సు కండక్టరు, నిద్రపోతున్నాడనుకుని భుజం తట్టాడు. కూర్చున్నవాడు కూర్చున్నట్టే పోయాడు. కట్లు ఆగవు కాబట్టి సోమవారానికల్లా ఆసుపత్రిలో కొత్త మనిషి చేరాడు.

జూలైలో సింధూరి తల్లితో వచ్చింది. కాలికి కట్టు వేసింది ఆ పెద్ద ఆసుపత్రివాళ్ళే అయినా, కోయడం మాత్రం దాసు అంకులే కోయాలని పట్టుబట్టి తీసుకొచ్చింది. చెవి పైన కుట్లు కనబడకుండా పొట్టి జుట్టు మొలుస్తోంది. హెలెన్ ఆమెను మంచం మీద కూర్చోబెట్టి సంగతి చెప్పింది.

సింధూరి కాలికున్న కట్టును అరచేత్తో రాసింది. "నా గురించి ఏమన్నా అన్నారా సిస్టర్?"

"అడక్కు. టీవీలో రోజూ మ్యాచి చూస్తున్నా, ఆ పిల్ల చెప్పిన చోట ఒక్కడూ నిలబడటం లేదేంటి సిస్టర్ అని నా ప్రాణం తీశారు."

"అయ్యో, టెస్ట్ మ్యాచ్ చూడమని చెప్పాల్సింది," అని పిల్ల నవ్వబోయి, భోరుమంది. హెలెన్‌కూ కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

కొత్త మనిషి రంపం పెట్టి కట్టును రెండు పక్కలా కోశాడు. దాన్ని పారెయ్యొద్దని, ఆ గదిలోనే ఉంచమని సింధూరి అడిగింది. ఆమె, సన్నబడిన కాలిని జాగ్రత్తగా నేలకానిస్తూ, తల్లి భుజం పట్టుకుని వెళ్ళిపోయింది. హెలెన్ రెండు ముక్కలనూ కలిపి పైనా కిందా గాజుగుడ్డతో కట్టి స్టూలు మీద నిలబెట్టింది. పిక్క మీద నీలం స్కెచ్ పెన్నుతో గుండ్రంగా ఒక మైదానం గీసి ఉంది. లోపల చుక్కలు పెట్టి పదిమంది ఆడపిల్లల పేర్లు రాసి ఉన్నాయి. సింధూరి పేరు లేదు. బ్యాటు పక్కనే, అందరికంటే దగ్గరగా పెట్టిన పదకొండో చుక్క కింద, తడి తగిలి కొంచెం అలుక్కుపోయిన అక్షరాల్లో "దాసు అంకుల్" అని ఉంది.