రెండో తరగతి సిలువ

నేను ఒక వెండి సిలువను. మెడలో గొలుసుకు వేలాడేదాన్ని కాదు, సమాధి మీద పాతేదాన్ని అసలే కాదు. బ్రిటిషు సైన్యంలో రోగులకు గొప్పగా సేవ చేసిన నర్సమ్మలకు రాజుగారు ఇచ్చే పతకాన్ని. రాయల్ రెడ్ క్రాస్ అంటారు నన్ను. పేరులో ఎరుపు ఉంది గానీ నా ఒంటి మీద లేదు. ఎర్ర ఎనామిలూ బంగారు పూతా మా అక్కకు, అంటే మొదటి తరగతి పతకానికి. నేను రెండో తరగతి. నాకు దక్కిన ఎరుపల్లా నీలం రిబ్బను అంచులో సన్నటి గీత.

లండనులో ఒక కంసాలి కొట్లో పుట్టాను. అప్పుడు రెండో ప్రపంచ యుద్ధం జరుగుతోంది. రాజుగారి తల నా గుండె మీద అచ్చు వేసిన ముసలాయన, ముక్కు సరిగ్గా పడలేదని ఇంకోసారి కొట్టాడు. తుపాకీ పట్టినవాళ్ళకు ఇచ్చే పతకాలు పక్క బల్ల మీద గుట్టలుగా పడి ఉండేవి. మనిషిని చంపినవాడికి అన్ని, బతికించినదానికి ఇన్నేనా అని అప్పుడే నాకు ఒళ్ళు మండింది. తరువాత మండినదాంతో పోలిస్తే అదేపాటి!

నన్ను పెట్టెలో పెట్టి, ఓడెక్కించి, అస్సాం పక్క కొండల కింద ఉన్న ఒక సైనిక ఆస్పత్రికి పంపారు. అక్కడి నర్సులకు పెద్ద, మేట్రన్ పెంబర్టన్ దొరసాని బల్ల సొరుగులో మూడు వారాలు పడి ఉన్నాను. నాతోపాటు ఒక కాగితం వచ్చింది. అందులో ఇలా ఉంది: బాంబులు పడుతూ వార్డులు తగలబడుతున్నప్పుడు, సిస్టర్ గ్రేస్ తన ప్రాణాన్ని లెక్కచేయక, కాళ్ళకు కట్లు కట్టి ఉన్న పదకొండు మంది సిపాయిలను ఒక్కతే బయటికి ఈడ్చి బతికించినది.

చదివి మురిసిపోయాను. ఆహా, ఇటువంటి తల్లి భుజం మీద కూర్చోబోతున్నాను కదా అనుకున్నాను. ఎంత వెర్రిదాన్ని!

ఆ పని చేసినావిడ పేరు నేలపూడి దీవెనమ్మ. గోదావరి లంకల్లో పుట్టి, మిషను ఆస్పత్రిలో నర్సు పని నేర్చి, యుద్ధానికి వచ్చిన పిల్ల. చేరిన మొదటిరోజునే మేట్రన్ ఆమె పేరు రెండుసార్లు అనబోయి, నాలుక తిరగక, "అర్థమేమిటి?" అని అడిగింది. దేవుడు ఇచ్చే దీవెన అని పిల్ల చెప్పింది. "అయితే గ్రేస్. ఇకనుంచి నువ్వు గ్రేస్‌వి" అంది మేట్రన్. దీవెన వేరు, గ్రేస్ అంటే వచ్చే కృప వేరు. బైబిలు చదివిన ఏ లంక ముసలమ్మయినా ఆ తేడా చెబుతుంది. ఈ దొరసానికి రెండూ ఒకటే. వార్డులో అందరూ గ్రేసు సిస్టరు అనేవారు, హాజరు పట్టీలో మాత్రం నేలపూడి దీవెనమ్మ అనే ఉండేది. ఆ పట్టీలోనే అసలు గ్రేస్ ఒకతె ఉంది. వాల్తేరు రైల్వే కాలనీ ఆంగ్లో ఇండియను అమ్మాయి, గ్రేస్ రోజారియో.

బాంబులు పడ్డ మధ్యాహ్నం దీవెనమ్మకు ఆఫీసర్ల వార్డులో డ్యూటీ. అక్కడున్న ఆరుగురూ నడవగలిగినవాళ్ళే. పక్కన సిపాయిల వార్డు వెదురు కట్టడం, గుప్పున అంటుకుంది. మీరు కందకంలోకి నడవండి అని ఆఫీసర్లకు చెప్పి, దీవెనమ్మ అటు పరుగెత్తింది. పదకొండు మందిని చంకల కింద చేతులు వేసి లాక్కొచ్చింది. ఇటు కందకంలో దూకబోయిన ఒక మేజరుగారు బోర్లాపడి రెండు పళ్ళు పోగొట్టుకున్నాడు. ఆ రెండు పళ్ళూ ఫిర్యాదు చేశాయి. విచారణ జరిగింది. నేలపూడి దీవెనమ్మ అనుమతి లేకుండా డ్యూటీ వదిలి వెళ్ళినది, ప్రవర్తన సరిలేదు, తొలగించడమైనది అని రాశారు. శిక్ష వేసేటప్పుడు ఇంటిపేరుతో సహా ఒక్క అక్షరం తప్పు పోలేదు చూడండి!

ఆమె రైలెక్కిన నెలకు ఒక పెద్ద డాక్టరు కర్నలు తనిఖీకి వచ్చాడు. సిపాయిలు మంచాల మీదనుంచే దండాలు పెట్టి, మమ్మల్ని గ్రేసు సిస్టరు బతికించింది దొరా అని చెప్పారు. ఆయన రాసి పంపాడు. పైఆఫీసువాళ్ళు పట్టీ వెతికారు. గ్రేస్ అని ఒక్కతే కనబడింది.

నా పెట్టె మూత తీసిన రోజు గ్రేస్ రోజారియో మొహం పాలిపోయింది.

"నేనా రోజు షిల్లాంగ్‌లో ఉన్నాను మేట్రన్! మా కజిన్ పెళ్ళిలో డాన్సు చేస్తున్నాను!"

"తెలుసు" అంది మేట్రన్.

"అది చేసింది దీవెన. మీరు పంపించేశారే, ఆ అమ్మాయి."

"అదీ తెలుసు. ఆ పనికి మేం ఒకసారి శిక్ష వేశాం. అదే పనికి ఇప్పుడు సన్మానం చేస్తే, శిక్ష వేసిన నేను మొహం ఎక్కడ పెట్టుకోను? రాజుగారు పొరపాటు చేయరు గ్రేస్. రిబ్బను బో సరిగ్గా కట్టుకో."

గ్రేస్ కళ్ళ నీళ్ళు పెట్టుకుంది. పెట్టుకుని, బో సరిగ్గానే కట్టుకుంది. మైదానంలో ఒక జనరలు నన్ను ఆమె ఎడమ భుజానికి గుచ్చాడు. ఆ సిపాయిలు అప్పటికి తలో ఊరికి వెళ్ళిపోయారు. చప్పట్లు కొట్టినవాళ్ళకు ఏ గ్రేసో ఏం తెలుసు! సొమ్మొకరిది సోకొకరిది అంటే విన్నాను, ఆ సోకు నేనే అవుతానని అనుకోలేదు.

యుద్ధం అయిపోయింది, రాజుగారి రాజ్యమూ అయిపోయింది. గ్రేస్ రోజారియో విశాఖపట్నంలో ఒక ఆస్పత్రికి మేట్రన్ అయింది. పేరు వెనక ఏ.ఆర్.ఆర్.సి. అని, రెండో తరగతి గుర్తైన ‘ఏ’తో సహా, నా తాలూకు ఇంగ్లీషు అక్షరాలు నాలుగు పెట్టుకుని బోర్డు రాయించుకుంది. మొదట్లో ఎవరైనా ఆ కథ అడిగితే మాట మార్చేది. తరువాత క్లుప్తంగా చెప్పేది. పోనుపోను తానే అడిగించుకుని చెప్పేది. ప్రతి క్రిస్మస్ విందుకూ ఒకరిద్దరు సిపాయిలు పెరిగేవారు. మంటల వేడి గురించి చెబుతూ ఒకసారి నిజంగానే ముంజేతులు రుద్దుకుంది. మనుషులు అబద్ధం చెప్పడం నాకు ఆశ్చర్యం కాదు, దాన్ని అంత శ్రద్ధగా నమ్మడం చూస్తేనే భయం వేసింది.

అటువంటి రోజుల్లో దీవెనమ్మ ఆయా పని అడుక్కుంటూ అదే ఆస్పత్రికి వచ్చింది. ప్రవర్తన సరిలేదన్న కాగితం పుణ్యమా అని ఏ ఆస్పత్రీ ఆమెను నర్సుగా తీసుకోలేదు, నర్సుల రిజిస్టరులో పేరు ఎక్కించలేదు. గ్రేస్ ఆమెను గుర్తుపట్టింది. వెంటనే పని ఇచ్చింది. జాలి అనుకుని దీవెనమ్మ చేతులెత్తి మొక్కింది. భయం అని నాకు తెలుసు.

ఆస్పత్రి వార్షికోత్సవం వచ్చింది. నన్ను తోమమని గ్రేస్ పనిమనిషికి చెప్పింది. ఆ మనిషి జ్వరంతో రాలేదు, నేను దీవెనమ్మ చేతికి వచ్చాను. పళ్ళపొడి అద్ది, మెత్తని గుడ్డతో, పసిపిల్ల చెవి తుడిచినట్టు తుడిచింది. అబ్బ, ఏం చేతులవి! అప్పుడు పెట్టె అడుగున కాగితం కనబడింది. ఆమెకు ఇంగ్లీషు వచ్చు కదా. తేదీ చదివింది, ఊరు చదివింది, పదకొండు మంది అని చదివింది. మళ్ళీ మొదటినుంచీ చదివింది.

నన్ను గుప్పెట్లో, ఆ కాగితాన్ని రెండో చేతిలో పట్టుకుని గ్రేస్ గదిలోకి వెళ్ళింది.

"ఇది నేను కదండీ?"

"తలుపు వెయ్యి" అంది గ్రేస్.

వేసింది. గ్రేస్ ఏడుస్తుందేమో, తిడుతుందేమో అని చూశాను. రెండూ చేయలేదు. వెళ్ళి కిటికీ రెక్కలు కూడా మూసింది.

"నాకీ బిళ్ళ వద్దండి" అంది దీవెనమ్మ. "ఆయ్, మీరే పెట్టుకోండి, మీకే బావుంటాది. ఒక్క కాయితం రాసివ్వండి చాలు. ఆ రోజు నేను డ్యూటీ ఒగ్గేసి పారిపోలేదు, కాలిపోతన్నోళ్ళ కోసం ఎళ్ళానని. ఆ ముక్క ఉంటే రిజిస్టర్లో నా పేరు ఎక్కిస్తారు. బెడ్‌పాన్లు కడగటానికి నాకు సిగ్గు లేదండి. పక్కన నర్సు చెయ్యి తప్పుగా పడతంటే నోరు మూసుకుని నిలబడలేకపోతన్నాను. ప్రాణం పోతందండి నాకు."

"రాస్తాను. ఈ ఉత్సవం అయిపోనీ."

ఉత్సవం అయింది. తనిఖీ అవనీ అంది. కొత్త డాక్టరు రానీ అంది. అలా నాలుగేళ్ళు. ఏడాదికోసారి దీవెనమ్మే నన్ను తోమేది, తోమినరోజు మాత్రం కాగితం సంగతి గుర్తుచేసేది. మూడో ఏడు కాన్పుల వార్డులో ఒక పచ్చి బాలింతకు రక్తం ఆగలేదు. దీవెనమ్మ పొత్తికడుపు అదిమిపట్టి, డాక్టరుగార్ని పిలవండి అని అరిచింది. కుర్రనర్సు ఆమెను పక్కకు నెట్టి, "ఏయ్ ఆయా, నీ పని నువ్వు చూసుకో! నువ్వెవరనుకుంటన్నావ్?" అంది. డాక్టరు వచ్చేసరికి బాలింత లేదు. ఆ గది కడగడం ఆయా పనే కాబట్టి దీవెనమ్మే కడిగింది. మర్నాడు నా యజమానురాలి కాళ్ళ మీద పడి కాగితం అడిగింది. గ్రేస్ కాళ్ళు వెనక్కి తీసుకుంది.

చివరికి గ్రేస్ ఇంగ్లండు ప్రయాణం కట్టింది. అన్నగారు అక్కడ ఆస్పత్రిలో ఉద్యోగం చూశాడట. ట్రంకుపెట్టెలు సర్దుతుండగా దీవెనమ్మ వచ్చింది. ఈసారి కాగితం తానే రాసుకుని తెచ్చింది, సంతకం ఒక్కటే తక్కువ.

"మీరెలాగూ ఎళ్ళిపోతన్నారు. ఇక్కడ ఎవరేమనుకుంటే మీకేటండీ? పెట్టేయండమ్మా."

గ్రేస్ కాగితం రెండుసార్లు చదివింది. కలం తీసింది, మూత పెట్టేసింది. "అక్కడ నాకు ఉద్యోగం ఇస్తున్నదే నా పేరు వెనక ఉన్న అక్షరాలు చూసి దీవెనా. ఈ కాగితం ఎప్పుడో ఒకప్పుడు అక్కడికి చేరుతుంది. నేనేమైపోతాను చెప్పు?" అని, పెట్టెలోంచి నన్ను తీసి ఆమె అరచేతిలో పెట్టింది. "ఇదిగో, వస్తువు నువ్వు ఉంచుకో. అక్షరాలు నాకు వదిలెయ్."

పైగా తానే ఏదో త్యాగం చేసినట్టు కళ్ళు ఒత్తుకుంది. ఛీ! ఇన్నేళ్ళూ విలువంతా నాలోనే ఉందనుకుని మిడిసిపడ్డాను. నన్ను చిల్లర గాజులా పారేసి, నాలుగు అక్షరాలు భద్రంగా ఓడెక్కాయి.

దీవెనమ్మకు ఇంకా ఆశ చావలేదు. వారం ఆగి నన్ను కొత్త మేట్రన్ బల్ల మీద పెట్టి జరిగిందంతా చెప్పింది. ఆవిడ సగం విని, గుమాస్తా చెవిలో ఏదో చెప్పింది. అరగంటలో కానిస్టేబుళ్ళు వచ్చారు. గోరుచుట్టు మీద రోకటిపోటు అంటే ఇదే.

"ఇది నీదా? మరి నీ పేరు ఏదే దీని మీద?" అన్నాడు సబిన్‌స్పెక్టరు, నన్ను తిప్పి చూస్తూ.

"దీని మీద ఎవరి పేరూ ఏయరండి. పద్ధతే అంత."

"బాగుంది పద్ధతి. దొంగలకు సుఖం!" అని గదంతా నవ్వారు.

రోజారియోగారికి ఇంగ్లండు ఉత్తరం రాశారు. జవాబు వచ్చేదాకా డెబ్భై రోజులు దీవెనమ్మ రిమాండు ఖైదులో ఉంది. నేను స్టేషను ఇనప్పెట్టెలో నాటుసారా సీసాల పక్కన పడి, ఒక్కటే అనుకునేదాన్ని. ఇది నీదే అని ఒక్క ముక్క రాయవే తల్లీ, సముద్రాలు దాటిపోయావు, ఇంక నీకు పోయేదేముంది? జవాబు వచ్చింది. హెడ్డు కానిస్టేబులు అప్పలసూరి బిగ్గరగా చదివించాడు. పతకం తనదేనని, తోమడానికి ఇచ్చి ప్రయాణం హడావిడిలో మరిచానని, అది తనదే అనే భ్రమ పాపం ఆ ఆయాకు చాలాకాలంగా ఉందని, అమాయకురాలు గనుక దయచేసి శిక్షించవద్దని రాసింది. కింద సంతకం, సంతకం వెనక నాలుగు అక్షరాలు. నన్ను తిరిగి పంపమని మాటవరసకైనా అడగలేదు.

ఎంత మంచి మనసండీ ఆ దొరసానిది అన్నారు స్టేషనులో అందరూ.

కేసు కొట్టేశారు. ఆస్పత్రిలో ఆయా పని కూడా పోయింది. విడుదల చేసేరోజు నన్ను గుర్తుపట్టించడానికి బల్ల మీద పెట్టారు. అప్పలసూరి రిజిస్టరు తిప్పి, పేరూ పనీ రాసి సంతకం పెట్టమన్నాడు. దీవెనమ్మ వంగి, పొందికైన అక్షరాలతో రాసింది: నేలపూడి దీవెనమ్మ, నర్సు.

"అదేటమ్మా?" అన్నాడు అప్పలసూరి. కోపం లేదు అతని గొంతులో. "ఆ దొరసాని ఉత్తరంలో ఆయా అనుంది. రెండూ కలవకపోతే నిన్ను ఒదిలీడానికి కుదరదు. అది కొట్టీసి పక్కన ఆయా అని రాసీ."

ఆమె కలం మళ్ళీ కాగితం మీద పెట్టింది. రాయకు తల్లీ, రాయకు అని నేను ఎంత మొత్తుకుంటే మాత్రం వెండికి నోరుంటుందా? ఆమె ఆ మాట మీద ఒకే ఒక్క అడ్డగీత గీసి, పక్కన ఆయా అని రాసింది.

కొట్టివేత ఉంది కదా, పక్కన పొడి సంతకం పెట్టాలన్నాడు అప్పలసూరి. పెట్టింది.