హంతకుని చేతి పోగు

పాపి ఇచ్చిన పొట్టేలును దేవుడు తీసుకుంటాడా? ఏళ్లుగా నన్ను తొలుస్తున్న సందేహమిది. ఈ ఏడు మా కులదేవుడు బీరప్ప పండుగనాడు అది నా గొంతుకే అడ్డం పడింది.

మా గొర్లు మేసే గుట్టను కంకర క్రషర్ కాంట్రాక్టర్ అమరేందర్ తవ్విస్తుంటే, మాతో గొర్లు కాసే ఐలేశం అడ్డం నిలబడ్డాడు. మా కళ్లముందే అతని మీదికి టిప్పర్ ఎక్కించి చంపాడు అమరేందర్. జైలుకు పోయిన నాలుగు నెలలకే వాడికి బెయిలొచ్చింది. కేసు తేలేదాకా ఊర్లో అడుగు పెట్టొద్దు, సాక్షుల జోలికి పోవద్దు అని పాలమూరు కోర్టు షరతు.

అయినా పండుగకు కారేసుకుని వచ్చాడు. బీరప్పకు పొట్టేలును కోయించి, ఇంటికో మాంసం పోగు తన చేత్తోనే పంచాడు. దేవుని పోగు కాదంటే పాపమని అందరం తీసుకుని, అక్కడే వండుకుని తిన్నాం.

"నా కూర తిన్నరు. ఇగ నా మీద సాక్ష్యమెట్ల చెప్తరో చూస్త. టిప్పర్ గీడనే ఉన్నది," అని నవ్వుతూ కారెక్కాడు.

ఐలేశం భార్య బీరమ్మ బెయిలు రద్దు చేయించమని సర్కారు వకీలు దగ్గరకు పోయింది. "వాడు వచ్చినట్టు ఊరోళ్లు చెప్తేనే అయితది," అన్నాడాయన.

గుడి ముందు కూడాం.

"వచ్చిండంటే తిన్నది గూడ చెప్పాలె. కులం పరువేముంటది?" అన్నాడు కులపెద్ద మల్లప్ప.

"బొక్కలు గూడ చప్పరిస్తివి కద మామా, పరువు అప్పుడెటు వోయింది?" అంది బిక్షమ్మ.

అందరూ నవ్వారు. బీరమ్మ నవ్వలేదు.

గోపాల్ లేచాడు. "గుట్ట కాడ లొల్లి చేసినమని నన్ను బెయిలియ్యకుండ ఆర్నెల్లు లోపలుంచిన్రు. మనిషిని చంపినోడు పండుగలు చేసుకుంటాండు!"

నేరం తేలకముందే మనిషిని జైల్లో ఉంచడం న్యాయమా అని నాకూ అనిపిస్తుంది. కానీ బయటికొచ్చినోడు సాక్షుల గొంతు పట్టుకుంటే?

"మల్లప్ప బావా," అన్నాను, "పోగు దేవునిది. బెదిరింపు వానిది. దేవునిది తిన్నం, వానిది ఎందుకు మింగాలె?"

మల్లప్ప బొటనవేలు ముందుకు చాపాడు. "రాయుండ్రి. నా వేలిముద్రే ముందు," అన్నాడు.

ముప్పై ఒక్క ఇండ్లవాళ్లం కోర్టుకు పోయాం. "వచ్చిండు. వాని చేతుల నుంచే తీసుకున్నం. తిన్నం. గట్లనే బెదిరించిండు," అని సిగ్గు విడిచి రాసిచ్చాం. బెయిలు రద్దయింది. అమరేందర్‌ను మళ్లీ జైలుకు తోలారు.

ఐలేశం ఒకనాడు నా మంద ఉన్ని కత్తిరించి పెట్టాడు. ఒకరి దినం పనికి ఇంకొకరి దినం పని, అదే మా బదులు; ఆ దినం బదులు మూడేళ్లుగా నా మీదే ఉంది. మర్నాడు పొద్దున్నే కత్తెర పట్టుకుని, గుట్ట మీదున్న బీరమ్మ మందకు పోయాను. వెనకాలే ఇంకో పదకొండు కత్తెర్లు వచ్చాయి.

అమరేందర్ తమ్ముడు గుట్ట కింద కారాపి, బెదిరిస్తున్నట్టు హారన్ కొట్టాడు. మళ్లీ కొట్టాడు. ఎవ్వరం కత్తెర వదిలి లేవలేదు. పొద్దుగూకేసరికి ఆఖరి గొర్రె లేచి ఒళ్లు దులుపుకుంది. ఐలేశం బదులు తీరింది.