గోపాలరావు కాళ్ళ వాపు

హార్ట్ ఫెయిల్యూర్ అని తన జబ్బుకు పేరు పెట్టినవాడి నెత్తిన మొట్టాలనిపించింది గోపాలరావుకి. గుండె ఫెయిలైతే మనిషి పోవాలి కదా, మరి తను ఆస్ట్రేలియాలో ఈ టూవూంబా ఊళ్ళో కూర్చుని భోంచేస్తున్నాడేమిటి? జబ్బు గుండెకైతే వాచింది కాళ్ళేమిటి? వారం తిరక్కుండా చెప్పులు పట్టడం మానేశాయి. పడుకుంటే ఆయాసం.

పక్కవీధి నర్సు వీణ చూడ్డానికొస్తే అదే అడిగాడు. ఆమె అతని మోకాలి కింద బొటనవేలితో నొక్కింది. గుంట పడి అలాగే ఉండిపోయింది.

"గుండె ఆగలేదంకుల్, నీరసపడింది. రక్తాన్ని గట్టిగా తోయలేకపోతే అది వెనక నిలిచిపోయి నీళ్ళు బయటికి ఊరతాయి. కూర్చుంటే కాళ్ళలోకి దిగుతాయి, పడుకుంటే ఊపిరితిత్తుల్లో చేరతాయి. ఉప్పు తింటే ఒంట్లో నీళ్ళు ఇంకా నిలుస్తాయి."

"ఉప్పెప్పుడో మానేశాం," అంది అతని భార్య శ్యామసుందరి రోషంగా. "కూరల్లో చిటికెడు కూడా వెయ్యను."

"మరి చప్పిడి కూర ఎలా దిగుతోందంకుల్?"

"ఆవకాయ నంజుకుంటున్నా. అది ఉప్పెలా అవుతుందమ్మా, ఊరగాయ కదా!"

వీణకు నవ్వాలో తిట్టాలో తెలియలేదు. "ఊరగాయ ఊరేది దేంట్లో అంకుల్?"

గోపాలరావు ముక్కను కంచం అంచుకి నెట్టాడు. "అయితే ఇది మానేస్తే తగ్గిపోతుందా?"

"మానాల్సిందే. కానీ ఈ ఆయాసంతో ఇంట్లో కూర్చోకూడదు. లేవండి, నా కారులో హాస్పిటల్‌కి పోదాం."

చెయ్యి కడుక్కుని కారెక్కాడు. ఎక్కీ ఎక్కగానే మళ్ళీ మొదలెట్టాడు. "అవునమ్మా, ఇంతకీ ఆ నీళ్ళని బయటికెలా తీస్తారు?"

"మందిస్తారు. ఇక బాత్రూమ్‌కి పరుగులే."

"అంటే కాళ్ళలో నీళ్ళు కూడా ఆ దారినే..."

"ముందు ఊపిరి పీల్చుకోండి," అంది వెనక సీట్లోంచి శ్యామసుందరి. "మిగతావి డాక్టర్ని అడుగుదురుగాని."